అటవీ కేసులో పట్టుబడిన బండిని తాత్కాలికంగా విడిపించుకోవడం ఎలా

కిరాయికి వెళ్లిన ట్రాక్టరును అటవీ సిబ్బంది పట్టుకున్నారని రాత్రిపూట ఫోను వస్తే, ఆ బండి మీదే బతుకుతున్న కుటుంబం తెల్లవారగానే చేసే మొదటి పని, తెలిసిన పెద్దమనిషిని ఒకరిని వెంటబెట్టుకుని రేంజి కార్యాలయానికి వెళ్లడం. అక్కడ పని కాకపోతే మేజిస్ట్రేటు కోర్టులో విడుదల పిటిషను వేస్తారు. అది కొట్టేశాక గానీ అసలు దరఖాస్తు పెట్టుకోవలసిన అధికారి వేరే ఉన్నారన్న సంగతి తెలియదు. అప్పటికి రెండు మూడు నెలలు గడిచిపోతాయి, ఫైనాన్సు వాయిదాలు మాత్రం ఆగవు. ఇలాంటి కేసుల్లో బండి యజమానుల తరఫున కాగితాలు రాయడం నా వృత్తిలో భాగం కాబట్టి, ఈ వరుసను లెక్కలేనన్ని సార్లు చూశాను. ఏ తలుపు ముందు తట్టాలి, ఏ కాగితం ఎప్పుడు చేతిలో ఉండాలి అన్న రెండు విషయాలు తెలిసి ఉంటే ఈ ఆలస్యంలో చాలా భాగం తప్పుతుంది.

ఇక్కడ చెప్పేదంతా రెండు తెలుగు రాష్ట్రాలకు సంబంధించినది. ఆంధ్రప్రదేశ్ అటవీ చట్టం, 1967నే విభజన తర్వాత తెలంగాణ తనకు అన్వయించుకుని అమలు చేస్తోంది కాబట్టి, బండ్ల విషయంలో కీలకమైన 44వ సెక్షను రెండుచోట్లా ఉంది. సరిహద్దు దాటి ఒడిశాలోనో, తమిళనాడులోనో, కర్ణాటకలోనో పట్టుబడిన బండికి ఆ రాష్ట్రం చట్టమే వర్తిస్తుంది, దానికి అక్కడి న్యాయవాదిని కలవాలి.

సీజు వేరు, జప్తు వేరు

మన వాడుకలో ‘బండి సీజయింది’ అన్న ఒక్క మాటను రెండు వేర్వేరు దశలకు వాడేస్తున్నాం. అసలు చిక్కు అక్కడే మొదలవుతుంది. కలప లేదా ఇతర అటవీ ఉత్పత్తి విషయంలో నేరం జరిగిందని నమ్మడానికి కారణం ఉంటే, ఆ సరుకుతో పాటు నేరానికి వాడిన పనిముట్లను, తాళ్లను, గొలుసులను, పడవలను, బండ్లను, పశువులను అటవీ అధికారి గానీ పోలీసు అధికారి గానీ పట్టుకోవచ్చునని 44వ సెక్షను మొదటి ఉపసెక్షను చెబుతుంది. ఇది స్వాధీనం మాత్రమే. ఈ దశలో బండి అటవీశాఖ అదుపులో ఉంటుంది, యాజమాన్యం మాత్రం మీదే. జప్తు దాని తర్వాతి మెట్టు. పట్టుకున్న అధికారి ఆ బండి మీద గుర్తు వేసి, దాన్ని ప్రభుత్వం నోటిఫికేషను ద్వారా నియమించిన అధీకృత అధికారి ముందు హాజరుపరచాలి. సహాయ అటవీ సంరక్షణాధికారి హోదాకు తగ్గని ఆ అధికారి నేరం జరిగిందని తృప్తి చెందితే, నిందితుల మీద కోర్టులో కేసు పెట్టినా పెట్టకపోయినా బండిని జప్తు చేస్తూ ఉత్తర్వు ఇవ్వవచ్చు. బండి ప్రభుత్వపరమయ్యేది ఆ ఉత్తర్వుతోనే.

అంటే తాత్కాలిక విడుదలకు మీకున్న వ్యవధి స్వాధీనానికీ జప్తు ఉత్తర్వుకూ మధ్య ఉన్న కాలం. జప్తు ఉత్తర్వు వచ్చాక బండి కావాలంటే అప్పీలుకు వెళ్లాలి, ఆ దారి వేరు, దాని గడువు వేరు.

అధీకృత అధికారికి ఈ జప్తు అధికారాన్ని 1976లో చేసిన సవరణ ఇచ్చింది. ఈ అధికారం క్రిమినల్ కేసు విచారణతో ముడిపడినది కాదని, రెండూ వేటికవే నడుస్తాయని సుప్రీంకోర్టు 1985లో డివిజనల్ ఫారెస్ట్ ఆఫీసర్ వర్సెస్ జి.వి. సుధాకరరావు తీర్పులో చెప్పింది. అది మన 44వ సెక్షను మీద వచ్చిన తీర్పే. ‘కోర్టులో కేసు కొట్టేస్తే బండి దానంతటదే వస్తుందిలే’ అని కూర్చునేవాళ్లు ఈ ఒక్క విషయం గుర్తుంచుకోవాలి. కేసు ఏళ్ల తరబడి నడుస్తుంది, జప్తు విచారణ నెలల్లో ముగిసిపోవచ్చు.

మొదటి మూడు రోజుల్లో

బండిని పట్టుకున్న చోట సిబ్బంది పంచుల (సాక్షుల) సమక్షంలో పంచనామా రాస్తారు, ప్రాథమిక నేర నివేదికను తయారుచేస్తారు. దీన్ని కార్యాలయంలో అందరూ పీఓఆర్ అనో, ఓఆర్ అనో అంటారు. ఆ నంబరు, తేదీ, రేంజి పేరు తెలియకుండా మీరు ఏ దరఖాస్తూ పెట్టలేరు కాబట్టి ముందుగా సంపాదించవలసింది అదే. ప్రతి ఇవ్వమని రాతపూర్వకంగా అడగండి. ఇవ్వకపోతే, అడిగినట్టు రుజువు ఉండేలా అదే విన్నపాన్ని స్పీడ్ పోస్టులో పంపండి. సమాచార హక్కు చట్టం కింద కూడా అడగవచ్చు గానీ, దానికి ముప్పై రోజుల గడువు ఉంటుంది కాబట్టి దాని మీదే ఆధారపడకూడదు.

ప్రతి చేతికి వచ్చాక నాలుగైదు విషయాలు నెమ్మదిగా చదవాలి. పట్టుకున్న చోటు రిజర్వు అడవిలోనా, పట్టా భూమిలోనా, తారు రోడ్డు మీదా? సరుకు ఏమిటి, ఎన్ని దుంగలు, కొలత ఎంత? బండి నడుపుతున్నది ఎవరని రాశారు? యజమాని పేరును నిందితుల జాబితాలో చేర్చారా? బండి రిజిస్ట్రేషన్, ఇంజను, ఛాసిస్ నంబర్లు సరిగా ఉన్నాయా? చివరి దాన్ని చిన్న విషయమనుకోవద్దు. ట్రాక్టరుకు ఒక నంబరు, ట్రైలరుకు వేరే నంబరు ఉంటే పంచనామాలో ఒక్కటే రాసిన సందర్భాలున్నాయి, అప్పుడు ఉత్తర్వు వచ్చాక ట్రైలరు ఆవరణలోనే ఉండిపోతుంది.

అటవీ ఉత్పత్తి అంటే టేకో, ఎర్రచందనమో మాత్రమే అనుకోవద్దు. అడవిలో దొరికిన లేక అడవి నుంచి తెచ్చిన మట్టి, రాయి, ఖనిజాలు కూడా ఆ నిర్వచనంలోకి వస్తాయి. మొరం తోలిన టిప్పరు అటవీ కేసులో పట్టుబడడానికి కారణం అదే. పోడు భూమి దున్నుతూ పట్టుబడిన ట్రాక్టరు సంగతి కొంత భిన్నం. 44వ సెక్షనులోని మాటలు కలప లేదా అటవీ ఉత్పత్తి విషయంలో జరిగిన నేరాన్ని గురించినవి కాబట్టి, ఆ నివేదికలో ఏ ఉత్పత్తి విషయంలో నేరం జరిగిందో రాశారా, ఉత్త దున్నకం గురించే రాశారా అన్నది చూసి, రెండోదైతే ఆ వాదనను మొదటి దరఖాస్తులోనే లేవనెత్తడం మంచిదని నా అభిప్రాయం.

ఈ మూడు రోజుల్లోనే ఇంకో ప్రమాదం పొంచి ఉంటుంది. నేరాన్ని రాజీ చేసుకుంటానని నిందితుడు అక్కడికక్కడే రాసి ఇస్తే, బండిని అధీకృత అధికారి ముందుకు పంపకుండా రాజీ రుసుము కట్టించుకుని వదిలిపెట్టే వీలు చట్టంలో ఉంది. సరుకు కొద్దిదై, తప్పు నిజంగా జరిగి ఉంటే ఇది తొందరగా తేలే దారి. కానీ అలా రాసి ఇవ్వడమంటే తప్పు ఒప్పుకున్నట్టే లెక్క. కాబట్టి ఏమి రాస్తున్నారో చదవకుండా, ఎంత కట్టాలో తెలియకుండా, ముఖ్యంగా తెల్ల కాగితం మీద సంతకం పెట్టవద్దు. కట్టిన ప్రతి రూపాయికీ రసీదు తీసుకోండి. రసీదు లేని సొమ్ముకు విడుదల ఉత్తర్వూ ఉండదు, ఆ సొమ్ము అడిగినవాడి మాటకు విలువా ఉండదు.

మేజిస్ట్రేటు దగ్గరికి ఎప్పుడు వెళ్లాలి

కేసులో పట్టుబడిన వస్తువులను విచారణ ముగిసేలోగా షరతులతో అప్పగించే అధికారం క్రిమినల్ కోర్టులకు ఉన్నదే. పాత సీఆర్‌పీసీలో 451, 457 సెక్షన్లుగా అందరికీ తెలిసిన ఆ నిబంధనలు 2024 జూలై 1 నుంచి భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 497, 503 సెక్షన్లు అయ్యాయి. పోలీసు స్టేషన్ల ముందు బండ్లు తుప్పు పట్టిపోకూడదని, ఫోటోలు తీయించి, పూచీకత్తు తీసుకుని త్వరగా అప్పగించాలని సుప్రీంకోర్టు 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో చెప్పిన మాటలను చాలామంది పిటిషన్లలో ఎత్తి రాస్తారు. మామూలు కేసుల్లో అవి బాగా పనికొస్తాయి.

అటవీ కేసులో మాత్రం అవి ఒక్కటే చాలవు. అటవీ చట్టం ప్రత్యేక చట్టం కావడంవల్ల, జప్తు చర్య మొదలయ్యాక బండి విషయం క్రిమినల్ కోర్టు చేతిలో ఉండదని సుప్రీంకోర్టు పశ్చిమ బెంగాల్ నుంచి వచ్చిన సుజిత్ కుమార్ రాణా కేసులో 2004లో స్పష్టం చేసింది. అందువల్ల మీ బండిని అధీకృత అధికారి ముందు హాజరుపరిచారా లేదా అన్నది తెలుసుకోకుండా మేజిస్ట్రేటు కోర్టులో పిటిషను వేయడం కాలం వృథా చేసుకోవడమే. పోలీసులు దొంగతనం సెక్షన్ల కింద కేసు కట్టి, బండిని కోర్టుకు చూపించి, అటవీశాఖ జప్తు చర్యేమీ మొదలుపెట్టనప్పుడు మేజిస్ట్రేటు దగ్గరికి వెళ్లడంలో అర్థం ఉంటుంది.

వన్యప్రాణి సంరక్షణ చట్టం, 1972 కింద పట్టుబడిన బండి సంగతి ఇందుకు మినహాయింపు. ఆ చట్టం కింద కేసు నడుస్తుండగా బండిని తాత్కాలికంగా విడుదల చేసే అధికారం మేజిస్ట్రేటుకు ఉందని 2008లో మధ్యప్రదేశ్ ప్రభుత్వం వర్సెస్ మధుకర్‌రావు కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అందుకే మీ నివేదికలో రాసిన సెక్షన్లు ఏ చట్టానివో మొదటే చూసుకోవాలి. ఒక్కోసారి రెండు చట్టాల సెక్షన్లూ కలిపి రాస్తారు, అప్పుడు ముందు అధీకృత అధికారి దగ్గరే మొదలుపెట్టడం క్షేమం.

అధీకృత అధికారికి దరఖాస్తు

ఇదే అసలు తలుపు. మీ ప్రాంతానికి అధీకృత అధికారి ఎవరో రేంజి కార్యాలయంలోనే అడిగి తెలుసుకోండి. రేంజి అధికారికి బండిని విడిచిపెట్టే అధికారం ఉండదు, ఆయన చుట్టూ తిరగడంవల్ల ఒరిగేదేమీ లేదు. అయితే ఆయన పంపే నివేదిక మీదే పై అధికారి నిర్ణయం చాలావరకు ఆధారపడుతుంది కాబట్టి, దరఖాస్తు ప్రతిని ఆయనకూ ఇచ్చి ముద్ర వేయించుకోవాలి.

దరఖాస్తు పొడవుగా ఉండనక్కర్లేదు. నేను రాసే పద్ధతి ఇంచుమించుగా ఇలా ఉంటుంది:

“అధీకృత అధికారి గారికి, …… నివాసి …… సమర్పించుకునే విన్నపం. విషయం: …… రేంజి, ఓఆర్ నంబరు ……, తేదీ …… కేసులో స్వాధీనం చేసుకున్న ట్రాక్టరు నంబరు ……, ట్రైలరు నంబరు …… లను విచారణ ముగిసేవరకు తాత్కాలికంగా నాకు అప్పగించవలసిందిగా ప్రార్థన. పై వాహనానికి నేను రిజిస్టరైన యజమానిని. ఆ వాహనం మీద వచ్చే కిరాయే నా కుటుంబానికి జీవనాధారం. స్వాధీనం చేసుకున్న నాటినుంచి వాహనం ఆరుబయట ఎండకు, వానకు ఉంటున్నది. విచారణ ఎప్పుడు పిలిచినా వాహనాన్ని హాజరుపరుస్తానని, దాన్ని అమ్మనని, తాకట్టు పెట్టనని, రంగు గానీ ఆకారం గానీ మార్చనని, అటవీ నేరానికి వాడనని, వాడనివ్వనని హామీ ఇస్తున్నాను. తమరు నిర్ణయించిన విలువకు బ్యాంకు గ్యారంటీ సమర్పించడానికి సిద్ధంగా ఉన్నాను. ఈ విన్నపం నా మిగతా వాదనలకు భంగం కలిగించదని మనవి.”

చివరి వాక్యాన్ని వదిలిపెట్టకండి. తాత్కాలిక విడుదల అడిగినంత మాత్రాన నేరం జరిగిందని ఒప్పుకున్నట్టు కాదని అది చెబుతుంది. గ్యారంటీ (షరతు తప్పితే ఆ సొమ్ము తాను కడతానని బ్యాంకు రాసి ఇచ్చే హామీ) ఇస్తానన్న వాక్యం కూడా అంతే ముఖ్యమైనది, ఎందుకో కింద చెబుతాను.

దరఖాస్తుకు ప్రమాణపత్రం, ఆర్సీ, బీమా, ఫిట్‌నెస్, పర్మిట్, పన్ను కట్టిన రసీదు, మీ ఆధార్ ప్రతి, డ్రైవరు లైసెన్సు ప్రతి జతచేయాలి. బండి అప్పులో ఉంటే ఫైనాన్సు సంస్థ నుంచి అభ్యంతరం లేదన్న లేఖ తీసుకోండి. ఆర్సీలో ఆ సంస్థ పేరు ఉన్నా, బండిని దగ్గర ఉంచుకుని నడుపుకుంటున్నవారినే మోటారు వాహనాల చట్టం యజమానిగా చూస్తుంది కాబట్టి దరఖాస్తు మీ పేరుతోనే ఉండాలి. కొనుక్కుని పేరు మార్పించుకోని బండ్లతో మాత్రం పెద్ద తలనొప్పి. ఆర్సీలో పేరున్న పాత యజమానిని రప్పించి ఆయనచేతనే దరఖాస్తు పెట్టించడమో, పేరు మార్పు పూర్తిచేసుకోవడమో తప్ప దగ్గరి దారి లేదు.

సరుకుకు రవాణా అనుమతి ఉంటే దాని ప్రతి, పట్టా భూమిలో కొట్టిన కలపైతే పట్టాదారు పాసుపుస్తకం, కొట్టడానికి ఇచ్చిన అనుమతి జతచేయండి. అటవీ ఉత్పత్తుల రవాణా నిబంధనలు, 1970 కింద అనుమతి అక్కర్లేని జాతి అయితే ఆ మినహాయింపు ప్రతిని పెట్టండి. ఇవి ఉన్న కేసు తాత్కాలిక విడుదల దగ్గరే ఆగదు, మొత్తంగానే తేలిపోవచ్చు.

దరఖాస్తును తపాలా తీసుకునే విభాగంలో ఇచ్చి, మీ ప్రతి మీద తేదీతో కూడిన ముద్ర వేయించుకోవాలి. ‘సార్‌కి చెప్పాను, చూస్తామన్నారు’ అన్న మాటతో రేపు హైకోర్టుకు వెళ్లలేరు. ఆ ముద్ర ఉన్న కాగితంతోనే వెళ్లగలరు.

బ్యాంకు గ్యారంటీ

కర్ణాటక ప్రభుత్వం వర్సెస్ కె. కృష్ణన్ కేసులో 2000లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ఈ మొత్తం వ్యవహారానికి ఇరుసు. అటవీ నేరంలో పట్టుబడిన బండిని, జప్తు చర్యలతో సహా అన్నీ ముగిసేవరకు మామూలుగా తిరిగి ఇవ్వకూడదని, అసాధారణ కారణాలవల్ల ఇవ్వవలసి వస్తే కనీస షరతుగా బ్యాంకు గ్యారంటీ తీసుకోవాలని, అంతకంటే తేలికైన షరతులతో విడుదల దొరుకుతుందని ఎవరూ అనుకోకూడదని ఆ తీర్పు చెబుతోంది. సొంత పూచీకత్తు మీదే ఇమ్మని రాసిన దరఖాస్తులు ఎందుకు నిలబడవో దీన్నిబట్టి అర్థమవుతుంది. అధికారి కనికరం లేనివాడు కావడంవల్ల కాదు, ఆయన చేతులు ఆ తీర్పుతో కట్టి ఉన్నాయి. అడవులు ఎంత వేగంగా తరిగిపోయాయో చూసినవాళ్లకు ఆ కాఠిన్యం వెనక ఉన్న ఆందోళన కూడా అర్థమవుతుంది.

కాబట్టి ‘అసాధారణ కారణం’ ఏమిటో దరఖాస్తులో చూపించాలి. బండి పాడవుతోందని రాస్తే సరిపోదు, చూపించాలి. ఒక రేంజి కార్యాలయం ఆవరణలో ఒకసారి నేను ఫోటోలు తీయించిన ట్రాక్టరు ఇప్పటికీ కళ్లముందు ఉంది. ముందు టైరు ఒకటి రిమ్ము మీదికి కూర్చుంది, ఇంజను కింద గడ్డి మోకాలెత్తు పెరిగింది, సైలెన్సరు గొట్టంలో పిచ్చుక గూడు పెట్టింది, బానెట్ మీద ఎర్ర రంగుతో రాసిన ఓఆర్ నంబరు వానకు సగం కారిపోయింది. ఆ నాలుగు ఫోటోలు నేను రాసిన మూడు పేజీల కంటే ఎక్కువ పని చేశాయి. అనుమతి అడిగి, తేదీ పడేలా ఫోటోలు తీసి జతచేయండి. వాయిదాలు బాకీపడుతున్నట్టు ఫైనాన్సు సంస్థ ఇచ్చిన నోటీసు, ఇంట్లో చికిత్సలో ఉన్నవారుంటే ఆ కాగితాలు, ఇంతకుముందు మీ మీద ఏ అటవీ కేసూ లేదన్న విషయం, ఇవన్నీ అదే ఖాతాలోకి వస్తాయి.

గ్యారంటీ మొత్తాన్ని బండి విలువను బట్టి నిర్ణయిస్తారు. ఆ విలువను సాధారణంగా మోటారు వాహనాల ఇన్‌స్పెక్టరు చేత కట్టిస్తారు, దానికి అటవీ కార్యాలయం నుంచి లేఖ వెళ్లాలి. ఈ లేఖ బల్ల మీద ఆగిపోవడం తరచుగా జరుగుతుంది కాబట్టి, విలువ కట్టించమని దరఖాస్తులోనే కోరి, లేఖ వెళ్లిందా లేదా అని వెంటపడి కనుక్కోండి. పదేళ్ల బండికి కొత్త బండి ధర కడితే అభ్యంతరం రాతపూర్వకంగా తెలపండి, బీమా పత్రంలో చూపిన విలువ అప్పుడు పనికొస్తుంది.

బ్యాంకు సాధారణంగా అంత మొత్తానికీ ఫిక్స్‌డ్ డిపాజిట్ పెట్టమంటుంది. భూమి మీదో, ఇంటి మీదో ఇప్పటికే ఖాతా ఉన్నవారికి కొంత తక్కువ సొమ్ముతో ఇవ్వవచ్చు. ఎవరి పేరుతో ఇవ్వాలి, ఏ మాటలతో ఇవ్వాలి, ఎంతకాలం చెల్లాలి అన్నది కార్యాలయంలో నమూనా తీసుకుని బ్యాంకుకు ఇవ్వండి. ఒక్క మాట తేడా వచ్చినా తిప్పి పంపుతారు, అప్పుడు స్టాంపు కాగితం ఖర్చూ, కమీషనూ మళ్లీ మీదే. గడువు వీలైనంత ఎక్కువకాలం పెట్టించి, అది తీరే తేదీని ఇంటి గోడ మీది క్యాలెండరులో రాసిపెట్టుకోండి. విచారణ ముగియకముందే గ్యారంటీ గడువు దాటిపోతే షరతు తప్పినట్టు లెక్క, బండిని మళ్లీ పట్టుకోవచ్చు.

అంత సొమ్ము కూడగట్టలేనివారు ఆ సంగతిని దాచకుండా రాయాలి. విలువలో కొంతకు గ్యారంటీ, మిగతాదానికి తహసీల్దారు ఇచ్చిన సాల్వెన్సీ సర్టిఫికెట్‌తో (ఆస్తి స్తోమత ధ్రువపత్రంతో) మూడో వ్యక్తి పూచీ ఇస్తామని ప్రత్యామ్నాయంగా కోరవచ్చు. అధికారి ఒప్పుకోకపోయినా, కోరినట్టు కాగితం మీద ఉంటే పై కోర్టులో అడగడానికి ఆధారం ఉంటుంది.

ఎర్రచందనం కేసుల్లో మాత్రం ఎక్కువ ఆశ పెట్టుకోవద్దని నన్ను అడిగినవారికి చెబుతుంటాను. శేషాచలం, వెలికొండ, లంకమల వంటి కొద్ది కొండల్లో తప్ప సహజంగా పెరగని ఆ చెట్టు కోసం ఆంధ్రప్రదేశ్ 2016లో చట్టాన్ని సవరించి శిక్షలు పెంచింది. అలాంటి కేసులో దుంగలు దొరికిన బండిని మధ్యలో విడిపించుకోవడం చాలా కష్టం. బండి యజమానికి ఏ సంబంధమూ లేదని గట్టి రుజువు ఉన్నవారే ప్రయత్నించాలి, అదీ అనుభవం ఉన్న న్యాయవాది ద్వారానే.

‘నాకు తెలియదు’ అంటే చాలదు

తాత్కాలిక విడుదల దరఖాస్తు నడుస్తుండగానే, బండిని ఎందుకు జప్తు చేయకూడదో చెప్పమంటూ మీకు షోకాజు నోటీసు వస్తుంది. నోటీసు ఇచ్చి, జవాబుకు అవకాశం కల్పించి, మీ మాట వినకుండా జప్తు ఉత్తర్వు ఇవ్వకూడదని చట్టం చెబుతోంది. విడుదల దరఖాస్తు పెట్టాం కదా అని ఈ నోటీసుకు జవాబు ఇవ్వకుండా ఊరుకున్నవాళ్లను చూశాను. గడువు దాటగానే ఏకపక్షంగా జప్తు అయిపోతుంది, తాత్కాలిక దరఖాస్తుకు అర్థమే లేకుండా పోతుంది. కనుక రెండింటినీ కలిపి నడపాలి.

జవాబులో దాదాపు అందరూ రాసేది ఒకటే: ‘బండి కిరాయికి ఇచ్చాను, ఏమి వేశారో నాకు తెలియదు.’ చట్టం అడిగేది ఇంతకంటే చాలా ఎక్కువ. నేరం యజమానికి గానీ, అతని ఏజెంటుకు గానీ, బండి నడుపుతున్న వ్యక్తికి గానీ తెలియకుండా, వారి కుమ్మక్కు లేకుండా జరిగిందని, అంతేకాక అలా జరగకుండా వారిలో ప్రతి ఒక్కరూ తగిన జాగ్రత్తలన్నీ తీసుకున్నారని యజమాని రుజువు చేయాలి. అంటే మీ అమాయకత్వంతో పాటు డ్రైవరు అమాయకత్వం కూడా మీ మీదే పడుతుంది. అర్ధరాత్రి అడవి బాట నుంచి టేకు దుంగలు వేసుకుని వచ్చిన డ్రైవరుకు అవి ఏమిటో తెలియదని చెప్పడం ఎంత కష్టమో ఎవరికైనా తెలుస్తుంది.

కాబట్టి జాగ్రత్తలకు సంబంధించిన ఆధారాలు వెతకండి. కిరాయి మాట్లాడుకున్న కాగితం, కిరాయి సొమ్ము పడిన బ్యాంకు లేదా ఫోన్‌పే ఎంట్రీలు, లోడు ఎక్కడినుంచి ఎక్కడికని డ్రైవరుకు పంపిన వాట్సాప్ సందేశం, జీపీఎస్ ఉంటే ఆ రోజు బండి తిరిగిన దారి, అడవి సరుకు వేయవద్దని డ్రైవరు దగ్గర ముందే రాయించుకున్న హామీ, ఇటుకలు లేక ఎరువు తోలడానికి పిలిపించినవారి ప్రమాణపత్రం. వీటిలో రెండు మూడున్నా జవాబుకు బలం వస్తుంది. లేనివాటిని వెనక తేదీతో పుట్టించవద్దు. స్టాంపు కాగితం కొన్న తేదీ, పంచుల వాంగ్మూలం దగ్గర అది బయటపడితే నిజమైన ఆధారాలను కూడా ఎవరూ నమ్మరు.

విచారణ రోజున పంచులను, పట్టుకున్న సిబ్బందిని ప్రశ్నించే అవకాశం కావాలని రాతపూర్వకంగా కోరండి. నిరాకరిస్తే ఆ నిరాకరణే తర్వాత అప్పీలులో ఒక అంశం అవుతుంది.

దరఖాస్తు కదలకపోతే, జప్తు అయిపోతే

ముద్ర వేయించుకున్న దరఖాస్తు వారాల తరబడి కదలకపోతే హైకోర్టులో రిట్ పిటిషను వేయవచ్చు. ఆంధ్రప్రదేశ్‌వారు అమరావతిలో, తెలంగాణవారు హైదరాబాదులో వేయాలి. బండిని నేరుగా ఇప్పించమని అడగడం కంటే, దరఖాస్తును ఇన్ని వారాల్లోగా పరిశీలించి ఉత్తర్వు ఇవ్వమని అధీకృత అధికారిని ఆదేశించాలని కోరడం తేలిగ్గా నెగ్గే అభ్యర్థన. దరఖాస్తు పెట్టకుండానే వెళ్తే ముందు అక్కడికి వెళ్లి రమ్మంటారు. దరఖాస్తును తిరస్కరించి ఉంటే, ఆ ఉత్తర్వులో కారణాలు రాశారా, మీరు ఇస్తానన్న గ్యారంటీ గురించి ఒక్క మాటైనా ఉందా అన్నది రిట్‌కు ప్రాణం.

జప్తు ఉత్తర్వే వచ్చేస్తే, అది మీకు అందిన తేదీ నుంచి ముప్పై రోజుల్లో, బండిని పట్టుకున్న ప్రాంతంపై అధికారం ఉన్న జిల్లా కోర్టులో అప్పీలు చేయాలి. ఉత్తర్వు ఉన్న కవరు మీద తపాలా ముద్ర ఉంటుంది, ఆ కవరును పారేయవద్దు. అప్పీలుతో పాటే వేలం ఆపమని, గ్యారంటీ మీద బండిని తాత్కాలికంగా అప్పగించమని వేరు దరఖాస్తులు వేయండి. స్టే లేకుండా అప్పీలు మాత్రమే వేస్తే, అది నడుస్తుండగానే బండి వేలంలో మరొకరి పాలు కావచ్చు. జిల్లా కోర్టు తీర్పే అంతిమమని చట్టంలో ఉన్నా, హైకోర్టు రిట్ అధికారం మాత్రం మిగిలే ఉంటుంది.

న్యాయవాదిని పెట్టుకునే స్తోమత లేనివారు జిల్లా న్యాయసేవాధికార సంస్థను అడగండి. ఎస్సీ, ఎస్టీలకు, మహిళలకు, నిర్ణీత ఆదాయం లోపు ఉన్నవారికి ఉచిత న్యాయ సహాయం చట్టం ఇచ్చిన హక్కు, 15100 నంబరుకు ఫోను చేసినా దారి చెబుతారు. ఎడ్లబండిని, ఎడ్లను పోగొట్టుకున్న గిరిజన రైతుకు ఈ సంగతి చెప్పేవారు చాలా తక్కువ. ఎడ్ల విషయంలో మేత, దాణా, జబ్బు అన్న కారణాలతో విడుదలను ఆ రోజే కోరాలి, ఫైలు కదిలేదాకా పశువు ఆగదు.

బండి చేతికి వచ్చేటప్పుడు

విడుదల ఉత్తర్వు వచ్చిందన్న సంతోషంలో ముట్టినట్టు సంతకం చేసి బండెక్కి రావద్దు. పంచనామా ప్రతిని చేతిలో పట్టుకుని బ్యాటరీ, స్టెప్నీ, జాకీ, పనిముట్ల పెట్టె, టేపు రికార్డరు, డీజిలు ట్యాంకు మూత వరకు ఒక్కొక్కటి సరిచూడండి. లేని వస్తువు ఏదైనా ఉంటే సంతకం పెట్టే కాగితం మీదే రాయండి. నాలుగు వైపుల నుంచి, ఇంజను, ఛాసిస్ నంబర్లు కనిపించేలా ఫోటోలు తీసుకోండి. ఆవరణలో ఉండగా బీమా గడువు తీరి ఉంటే అది కట్టేవరకు రోడ్డు మీద నడపకుండా మరో బండికి కట్టి తెచ్చుకోవాలి. త్రైమాసిక పన్ను కట్టే బండి అయితే, ఏ తేదీ నుంచి ఏ తేదీ దాకా అటవీశాఖ అదుపులో ఉందో ధ్రువపత్రం తీసుకుని రవాణా కార్యాలయంలో రాతపూర్వకంగా తెలపండి. నిజానికి బండి పట్టుబడిన వారంలోనే ఈ సంగతి ఆ కార్యాలయానికి తెలియజేసి ఉంటే ఇంకా మంచిది.

ఉత్తర్వులోని షరతులను డ్రైవరుకు చదివి వినిపించి, అతని సంతకం తీసుకోండి. ఇదే బండి రెండోసారి పట్టుబడితే మొదటి గ్యారంటీ పోతుంది, మళ్లీ విడుదల అడిగే ముఖం ఉండదు. విచారణకు పిలిచిన ప్రతిసారీ బండితో సహా హాజరై, హాజరైనట్టు నమోదు చేయించుకోండి. చివరి ఉత్తర్వు మీకు అనుకూలంగా వస్తే దాని నకలుతో పాటు గ్యారంటీ అసలు పత్రాన్ని కార్యాలయం నుంచి తిరిగి తీసుకుని బ్యాంకులో ఇచ్చి, డిపాజిట్ మీద పెట్టిన తాకట్టును రద్దు చేయించి, రద్దయినట్టు లేఖ తీసుకోవాలి. ప్రతికూలంగా వస్తే అప్పీలు గడువు లోపలే గ్యారంటీ సొమ్ము రాబట్టుకునే చర్య మొదలుకావచ్చు కాబట్టి, ఉత్తర్వు అందిన రోజునే నకలు తీసుకుని మీ న్యాయవాదికి ఇవ్వండి.